అడయార్ నుంచి ఋషివ్యాలీ దాకా: అత్తయ్యతో ఒక యాత్ర

సోమవారం, చెన్నై

అడయార్‌లో దివ్యజ్ఞాన సమాజం (థియోసాఫికల్ సొసైటీ) తోటలోకి బండ్లను రానివ్వరు. గేటు దగ్గర రిజిస్టర్‌లో పేరు, ఊరు రాసి నడిచి వెళ్లాలి. ఆదివారం అసలు తెరవరు. మిగతా రోజుల్లో పొద్దున కాసేపు, మధ్యాహ్నం కాసేపు మాత్రమే. నేను "కాకినాడ" అని రాస్తుంటే మా మేనత్త పక్కనుంచి చూసి, "ఆ ఊరి వాళ్లు ఇక్కడికి రావడం మనతో మొదలు కాదురా. సుబ్బారావు గారు మనకంటే నూట నలభై ఏళ్లు ముందే వచ్చారు" అంది.

అత్తయ్య తెలుగు టీచరుగా చేసి రిటైరైంది. నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ రోజూ ఉదయం ఆరింటికి, సాయంత్రం ఆరింటికి "నమస్కారం మాస్టర్ సి.వి.వి." అని కళ్లు మూసుకుని కూర్చునే మనిషి. 1910లో కుంభకోణంలో మాస్టర్ సి.వి.వి. మొదలుపెట్టిన ఆ యోగం మన కోస్తా జిల్లాల్లో ఎంత పాకిందో చాలామందికి తెలుసు. విశాఖలో 1971లో వరల్డ్ టీచర్ ట్రస్ట్ పెట్టిన ఎక్కిరాల కృష్ణమాచార్య గారు, ఆ ట్రస్టు హోమియో వైద్యశాలలు, ఆ సంప్రదాయమంతా అత్తయ్యకు ఇంటి విషయం. నాకు సాధన అంటూ ఏదీ లేదు. చదవడం ఉంది, మనిషి చైతన్యం నిజంగా పెరుగుతుందా, పెరిగితే ఎలా పెరుగుతుంది అన్న ప్రశ్న ఉంది. ఆమె అడయార్, అరుణాచలం చూడాలంది. నేను మదనపల్లె దగ్గర జిడ్డు కృష్ణమూర్తి బడి ఉన్న ఋషివ్యాలీ అన్నాను. దారిలో పుదుచ్చేరి ఎలాగూ వస్తుంది.

ముందు మర్రి దగ్గరకు వెళ్లాం. దాని వయసు 450 ఏళ్లు ఉంటుందంటారు. అసలు మాను 1989లో గాలివానకు కూలిపోయింది. ఊడలు దిగి మానులైనవి మాత్రం అలాగే నిలబడి ఉన్నాయి. అత్తయ్య ఒక ఊడ మీద చెయ్యి వేసి చాలాసేపు నిలబడింది. చెయ్యి తీశాక అరచేతికి ఎర్రటి పొడి అంటింది. పైట చెంగుకు తుడుచుకోబోయి, ఆగి, అలాగే ఉంచేసుకుంది.

1875లో న్యూయార్క్‌లో బ్లావట్‌స్కీ, ఆల్కాట్ మరికొందరితో కలిసి పెట్టిన సమాజానికి 1882లో ఈ తోట ఇల్లయింది. ప్రధాన భవనంలోని హాల్లో ఆ ఇద్దరి విగ్రహాలు, గోడల మీద అన్ని మతాల గుర్తులు ఉన్నాయి. సత్యాన్ని మించిన ధర్మం లేదు అన్నది వీళ్ల సూత్రం. కాశీ మహారాజుల నుంచి తీసుకున్న సంస్కృత వాక్యమది. తోటలో గుడి, చర్చి, మసీదు, బౌద్ధాలయం అన్నీ దగ్గరదగ్గరగా ఉన్నాయి. ఆల్కాట్ 1886లో పెట్టిన గ్రంథాలయంలో వేల కొద్దీ తాళపత్రాలున్నాయి. వీటన్నిటి గురించి చాలామంది రాశారు కాబట్టి నేను సుబ్బారావు గారి దగ్గర ఆగుతాను. ఆయన గురించి మనవాళ్లు మాట్లాడుకోవడం నేను అరుదుగా విన్నాను.

తల్లాప్రగడ సుబ్బారావు. కాకినాడ నియోగి. మద్రాసులో వకీలు. బ్లావట్‌స్కీ 1886లో తన పెద్ద గ్రంథం 'సీక్రెట్ డాక్ట్రిన్' రాతప్రతిని సరిచూడమని పంపింది ఈయనకే. ఈయన సరిచూడటానికి ఒప్పుకోలేదు. ఇద్దరికీ తగాదా వచ్చింది ఒక లెక్క దగ్గర. మనిషిలో ఎన్ని పొరలున్నాయి? దివ్యజ్ఞానులు ఏడు అన్నారు. స్థూల శరీరం, లింగ శరీరం, ప్రాణం, కామరూపం, మనస్సు, బుద్ధి, ఆత్మ. సుబ్బారావు గారు నాలుగు చాలన్నారు. స్థూలోపాధి, సూక్ష్మోపాధి, కారణోపాధి, ఆత్మ.

పైకి ఇది పండితుల గొడవలా కనిపిస్తుంది. కానీ దీని వెనక ఉన్న తర్కం నాకు చాలా ఇష్టం. ఆత్మ విడిగా నిలబడి పనిచేయగలిగే ఉపాధులు, అంటే ఆత్మకు ఆధారమయ్యే శరీరాలు, మూడే. యోగి అయినవాడు ఆ మూడింటినీ ప్రాణం పోకుండా వేరు చేయగలడు. ఏడింటినీ ఒకదాని నుంచి ఒకటి విడదీయబోతే అసలు మనిషే మిగలడు. ఇది తారక రాజయోగం చెప్పే మాట. బ్లావట్‌స్కీ 1888లో వచ్చిన తన గ్రంథంలో ఈ విభజనను తన ఏడింటి పక్కనే పట్టికగా అచ్చు వేసింది. ఆ మాత్రం నిజాయితీ ఆమెకు ఉంది. ఆ మూడు ఉపాధులకు సరిపోయే మెలకువ, కల, గాఢనిద్ర మనందరం రోజూ దాటుతున్నవే. వాటి మీద కట్టిన లెక్కను ఎవరికి వాళ్లు చూసుకోవచ్చు. ఏడో పొర సంగతి మాత్రం చూశామన్నవాళ్ల నోటి నుంచి వినాల్సిందే. వకీలు కదా, సాక్ష్యం ఏదని అడిగాడు.

అత్తయ్య మొహం వెలిగిపోయింది. "తారక రాజయోగమా? మా మాస్టారి యోగం పేరు కూడా భృక్తరహిత తారక రాజయోగమేరా" అంది. ఈ సంగతి ఆమెకు ఇన్నాళ్లూ ఎవరూ చెప్పలేదట.

1886 డిసెంబరులో ఇక్కడ జరిగిన వార్షిక సభల్లో సుబ్బారావు గారు భగవద్గీత మీద నాలుగు ఉపన్యాసాలు ఇచ్చారు. 1888లో సమాజం నుంచి బయటికొచ్చారు. 1890లో, 34 నిండకుండానే చర్మవ్యాధితో పోయారు. ఆయనకు తెలిసినదాంట్లో చాలా భాగం బయటికి చెప్పకూడదన్న కట్టుబాటు ఉండేది. దాన్ని ఆయన పాటించారు. అందుకే ఆయన రాసినవి కొద్దిగానే మిగిలాయి. ఆ కట్టుబాటును నేను గౌరవించలేకపోతున్నాను. అత్తయ్య గౌరవిస్తుంది.

మంగళవారం, నదికి అటూ ఇటూ

పొద్దున బీచికి వెళ్లాం. అడయార్ నది సముద్రంలో కలిసే చోటుకు దగ్గర్లో 1909లో సమాజం పెద్దల్లో ఒకడైన లెడ్‌బీటర్ ఒక బక్కపలచని కుర్రాణ్ణి చూశాడు. ఆ పిల్లాడి చుట్టూ స్వార్థం లేశమైనా లేని తేజస్సు కనిపించిందన్నాడు. అప్పటికి బడిలో మొద్దబ్బాయి అని దెబ్బలు తింటున్న పిల్లాడు అతను. పేరు జిడ్డు కృష్ణమూర్తి. తండ్రి నారాయణయ్య రెవెన్యూ ఉద్యోగం నుంచి రిటైరై, సమాజంలో పని దొరికితే ఆ ఏడాదే పిల్లలతో అడయార్ చేరాడు.

తర్వాత జరిగినవన్నీ చకచకా జరిగాయి. 1910 జనవరిలో పిల్లాడికి మొదటి దీక్ష అయిందన్నారు. 1911లో అతన్ని రాబోయే జగద్గురువుగా నిలబెడుతూ 'తూర్పు నక్షత్ర మండలి' పుట్టింది. అప్పటి సమాజం అధ్యక్షురాలు అనిబిసెంట్ అతన్ని నిజంగా కొడుకులా ప్రేమించింది. ఆ విషయంలో నాకు ఏ అనుమానమూ లేదు. నాకు అభ్యంతరం ఉన్నది ఇంకోచోట. ఎవరు ఏ మెట్టు మీద ఉన్నారో వేరేవాళ్లు చెప్పడం అక్కడ అలవాటైపోయింది. 1925 ఆగస్టులో హాలండ్‌లో ఈ అలవాటు పూర్తిగా హద్దు దాటింది. రోజుల తేడాలో ఒక్కొక్కరికీ దీక్షల మీద దీక్షలు అయిపోయాయన్నారు. వీళ్లు అర్హతులు (నాలుగో దీక్ష దాటినవాళ్లు), వీళ్లు అపోస్తలులు అని పేర్లు సభలో చదివారు. చైతన్య వికాసం కాస్తా ప్రమోషన్ల లిస్టు అయిపోయింది.

అదే ఏడాది నవంబరులో కృష్ణమూర్తి తమ్ముడు నిత్యానంద క్షయతో పోయాడు. సమాజాన్ని తెరవెనక నుంచి నడిపిస్తారని వాళ్లు నమ్మిన మహాత్ములు నిత్యను కాపాడతారన్న నమ్మకంతోనే అన్న ఇండియాకు ఓడ ఎక్కాడు. సూయజ్ కాలువ దగ్గర టెలిగ్రాం అందింది. ఆ మహాత్ముల మీద, మెట్ల మీద అతని నమ్మకం ఏ పుస్తకం చదివో సడలలేదు. ఆ టెలిగ్రాంతో పునాది కదిలింది. 1929 ఆగస్టు 3న హాలండ్‌లోని ఓమెన్‌లో తన కోసం కట్టిన సంస్థను తానే రద్దు చేశాడు. సత్యానికి దారంటూ లేదన్నాడు. ఏ సంస్థా, ఏ మతమూ మనిషిని అక్కడికి చేర్చలేవన్నాడు. కానుకగా వచ్చిన కోటను, ఎస్టేటును ఇచ్చినవాళ్లకే తిరిగి ఇప్పించేశాడు.

మధ్యాహ్నం నదికి ఇవతల ఉన్న వసంత విహార్‌కు వెళ్లాం. కృష్ణమూర్తి చెన్నైలో ఉండిన ఇల్లు. పెద్ద చెట్లు, పాత మేడ, చదువుకోవడానికి గది. అనిబిసెంట్ 1933లో పోయాక ఆయన నది అవతలి తోటలో అడుగు పెట్టలేదు. 1980లో అప్పటి అధ్యక్షురాలు రాధా బర్నియర్ పిలిస్తే వెళ్లాడు. ఆ తర్వాత చెన్నైలో ఉన్నన్నాళ్లూ సాయంత్రం నడక అడయార్ బీచి మీదే. తనను 'కనుక్కున్న' ఇసుక మీదే మళ్లీ నడిచాడు. 1986 జనవరిలో ఆఖరి ప్రసంగం ఈ ఇంట్లోనే చేశాడు. ఫిబ్రవరి 17న కాలిఫోర్నియాలోని ఓహైలో కన్నుమూశాడు. ఆల్కాట్ పోయింది కూడా ఫిబ్రవరి 17నే, 1907లో. అత్తయ్య దానికి అర్థం ఉందంటుంది. నేను తేదీల జోలికి పోను.

బుధవారం, పుదుచ్చేరి

ఈసీఆర్ మీద బస్సు. ఒకవైపు సముద్రం, ఉప్పు మడులు. అత్తయ్య కిటికీ పక్కన కూర్చుని, "మన యానాం కూడా ఈ ఊరి కిందదే కదా" అని నవ్వుకుంది. కాకినాడ వాళ్లకు పుదుచ్చేరి ఆ లెక్కన పక్కూరే.

ఆశ్రమంలోకి వెళ్లేముందు ఫోన్లు ఆపేయాలి, చెప్పులు వదిలేయాలి. లోపల ముంగిట్లో పెద్ద పచ్చతురాయి చెట్టు, దాని కింద పాలరాతి సమాధి. అందులో శ్రీ అరవిందులు, ఆయనపైన ఆశ్రమాన్ని నడిపిన ఆయన సహసాధకురాలు మాతాజీ. పొద్దున్నే పూలతో అలంకరిస్తారు. రాలిపడిన పూరేకుల్ని ఒక పెద్దాయన వంగి ఒక్కొక్కటే ఏరుతున్నాడు. చీపురు వాడటం లేదు. మేం కూర్చున్నంతసేపూ అదే పని చేశాడు. జనం తలను రాతికి ఆనించి వెళ్తున్నారు. అక్కడ ఎవరూ ఎవరికీ ఏమీ చెప్పరు. ఉపన్యాసం లేదు, దీక్ష లేదు, గైడు లేడు.

అరవిందులు 1910 ఏప్రిల్ 4న ఇక్కడికొచ్చారు. అంతకుముందు అలీపూర్ బాంబు కేసులో ఏడాది జైల్లో ఉన్నారు. గోడల్లో, కాపలావాళ్లలో, తోటి ఖైదీల్లో వాసుదేవుడే కనిపించాడని ఆయనే చెప్పుకున్నారు. 1914 ఆగస్టు నుంచి 1921 జనవరి దాకా నడిపిన 'ఆర్య' పత్రికలో తన దర్శనమంతా నెలనెలా రాశారు. దాన్ని నాకు అర్థమైనంతలో చెప్తాను. జడంలో నుంచి ప్రాణం వచ్చింది, ప్రాణంలో నుంచి మనసు వచ్చింది. మనసు దగ్గర సృష్టి ఆగిపోవాలన్న నియమం ఏమీ లేదు. దాని పైన ఇంకా స్థాయిలున్నాయి, అన్నిటికంటే పైన అతిమానసం ఉంది. పైనుంచి కిందికి ముందే దిగి దాగి ఉన్నదే ఇప్పుడు కింది నుంచి పైకి విప్పారుతోంది. మనిషి మధ్యలో ఉన్న ప్రాణి.

ఇక్కడా మెట్లున్నాయి. అడయార్ మెట్లకూ వీటికీ నాకు కనిపించిన తేడా ఒకటుంది. అడయార్‌లో మెట్టు వ్యక్తికి దక్కే హోదా అయింది. అరవిందులు చెప్పింది భూమి మీద బతుకే మారడం గురించి. ఒక్కడు ఎక్కి తప్పించుకుపోతే పని అయిపోయినట్టు కాదు. అందుకే ఆయన యోగంలో వంటా, తోటపనీ, అచ్చుపనీ కూడా సాధనలోకే వస్తాయి. 1926 నవంబరు 24 తర్వాత ఆయన గది దాటి రాలేదు, ఏడాదికి కొన్ని దర్శన దినాలు తప్ప. అయినా 1930ల్లో రాత్రుళ్లు కూర్చుని శిష్యులకు వేల ఉత్తరాలు రాశారు. నిద్ర పట్టడం లేదు, కోపం వస్తోంది, తిండి ఎంత తినాలి లాంటి ప్రశ్నలకు కూడా ఓపికగా జవాబులిచ్చారు. పెద్ద సిద్ధాంతం ఎంత పెద్దదైనా, ఒక మనిషి కోపం గురించి రాత్రి రెండింటికి జవాబు రాసే ఓపిక నాకు అంతకంటే గట్టి సాక్ష్యం.

సాయంత్రం ఆరింటికి అత్తయ్య బీచి రోడ్డు గట్టు మీద కూర్చుని ప్రార్థన చేసుకుంది. పక్కనే పిల్లలు బుడగల కోసం ఏడుస్తున్నారు. ఆమెకు అదేమీ పట్టలేదు.

గురువారం, ఆరోవిల్

ఆరోవిల్ మాతాజీ తలపెట్టిన నగరం, మాతృమందిర్ దాని నడుమ కట్టిన ధ్యానమందిరం. దాని లోపలికి వెళ్లాలంటే చాలా ముందే బుక్ చేసుకోవాలి. మంగళవారాలు మూసి ఉంటుంది. బుకింగ్ లేకపోతే సందర్శకుల కేంద్రంలో చిన్న వీడియో చూసి, పాస్ తీసుకుని, దాదాపు కిలోమీటరు నడిచి దూరం నుంచి చూడొచ్చు. మాకు బుకింగ్ దొరికింది.

1968 ఫిబ్రవరి 28న 124 దేశాల మట్టిని ఇక్కడి పాలరాతి కలశంలో పోశారు. అప్పుడు ఇదంతా వర్షం కోసేసిన ఎర్ర బీడు. ఇప్పుడు అడవి. చెట్టు నీడన నడుస్తూ, ఈ నీడను మనుషులే పెంచారని గుర్తుచేసుకుంటే కాళ్ల నొప్పులు తెలియవు. బంగారు రేకుల గోళం లోపలికి వెళ్లేముందు తెల్ల మేజోళ్లు ఇస్తారు. వాలుగా తిరిగే దారిలో పైకి నడిస్తే పన్నెండు స్తంభాల తెల్లటి గది వస్తుంది. మధ్యలో 70 సెంటీమీటర్ల స్ఫటిక గోళం. పైకప్పు మీద అమర్చిన అద్దం సూర్యుణ్ణి అనుసరించి తిరుగుతూ ఒకే ఒక్క కిరణాన్ని దాని మీదకు దింపుతుంది. విగ్రహం లేదు, ధూపం లేదు, పూలు లేవు. ధ్యానం ఎలా చేయాలో కూడా చెప్పరు.

నా మనసు నిలవలేదు. స్తంభాలు లెక్కపెట్టాను, ఎవరో దగ్గితే ఎవరా అని చూశాను. అత్తయ్య మాత్రం బయటికొచ్చాక, "చాలా చల్లగా ఉందిరా లోపల" అంది, గుండె మీద చెయ్యి పెట్టి.

ఆరోవిల్ గురించి పొగడ్తలే రాయడం సబబు కాదు. 2021 చివర్లో వలయాకారపు రోడ్డు కోసం చెట్లు తీసేయడం మొదలుపెట్టినప్పటి నుంచి అక్కడి నివాసులు రెండుగా చీలారు. మాతాజీ గీయించిన నగర పటం ముందా, యాభై ఏళ్లు పెంచిన అడవి ముందా అన్నది తగువు. నాకైతే ఆ అడవే ఇక్కడ జరిగిన సాధన. దాన్ని నరికి సాధించే పటం ఏ చైతన్యానికి గుర్తో నాకు బోధపడలేదు. రెండో పక్షం వాళ్లు కూడా మాతాజీ మాటనే చూపిస్తారని తెలుసు, అయినా నా అభిప్రాయం ఇదే.

శుక్రవారం

తిండివనం, జింజీ మీదుగా తిరువణ్ణామలై. జింజీ కోట బస్సులోంచే చూశాం. సాయంత్రానికి చేరాం. హోటల్ బోర్డులు తెలుగులో, ఆటోవాళ్లు తెలుగులో. మన రెండు రాష్ట్రాల నుంచి గిరిప్రదక్షిణకు వచ్చే జనం ఈ ఊరి భాషనే మార్చేశారు.

శనివారం, అరుణాచలం

తెల్లారకముందే బయల్దేరాం. రమణాశ్రమం వెనక నుంచి కొండ మీదకు రాళ్లు పరిచిన దారి ఉంది. అత్తయ్య మోకాళ్లు చూసుకుని మెల్లగా ఎక్కాం. మలుపు మలుపుకూ కోతులు. ముందు స్కందాశ్రమం, అక్కడి నుంచి కిందికి దిగితే విరూపాక్ష గుహ. గుహ ముందు అరుగు మీద నిలబడితే కింద పెద్ద గుడి, దాని గోపురాలు అన్నీ కనిపిస్తాయి. లోపల గాలి ఆడదు. వెచ్చగా, చీకటిగా ఉంటుంది. కాసేపటికి కళ్లు అలవాటుపడ్డాక నడుమ దీపం, దాని వెనక వేదిక తెలుస్తాయి.

రమణులు 1899 నుంచి 1916 దాకా ఇక్కడే ఉన్నారు. 1907 నవంబరు 18న బొబ్బిలి దగ్గరి కలువరాయి నుంచి వచ్చిన కావ్యకంఠ గణపతి ముని మధ్యాహ్నపు ఎండలో ఈ కొండ ఎక్కారు. అప్పటికే మహా పండితుడు. మంత్రజపం కోట్లలో చేసినవాడు. వచ్చి పాదాల మీద పడి, చదవాల్సినవన్నీ చదివాను, జపం చేశాను, అయినా తపస్సంటే ఏమిటో తెలియలేదు, చెప్పమన్నాడు. రమణులు కొంతసేపు ఊరికే చూశారట. తర్వాత, 'నేను' అన్న తలపు ఎక్కణ్ణుంచి పుడుతోందో చూస్తే మనసు అక్కడే లీనమవుతుంది, అదే తపస్సు అన్నారు. మంత్రం జపిస్తే ఆ నాదం పుట్టే చోటు చూడు, అదీ తపస్సే అని కూడా అన్నారు. అప్పటిదాకా బ్రాహ్మణస్వామి అని పిలుస్తున్న ఆయనకు భగవాన్ శ్రీ రమణ మహర్షి అని పేరు పెట్టింది ఈ తెలుగు పండితుడే.

ఆ రెండో మాట నాకు ముఖ్యం. జపం మానేయమనలేదు. నువ్వు చేస్తున్నదాన్నే పట్టుకుని మూలానికి వెళ్లమన్నారు. అత్తయ్య ఈ మాట మళ్లీ చెప్పించుకుంది.

ఇంకో మనిషి ఉన్నాడు, చరిత్రలో ఒక మూల నిలబడినవాడు. 1911లో వెల్లూరుకు పోలీసు ఉద్యోగం మీద ఫ్రాంక్ హంఫ్రీస్ అనే ఇంగ్లీషు కుర్రాడు వచ్చాడు. అతనికి తెలుగు నేర్పడానికి నరసింహయ్య అనే మున్షీని పెట్టారు. మొదటి పాఠాల్లోనే ఆ దొర అడిగింది గుణింతాలు కాదు. నీకు ఎవరైనా మహాత్ముడు తెలుసా అని. అతనికి సిద్ధుల మీద, గుహ్యవిద్యల మీద మోజు. కలలో చూశానంటూ కొండ, గుహ, గుహ ముందు నిలబడ్డ సాధువు బొమ్మ గీసి చూపించాడు. నరసింహయ్య అతన్ని గణపతి మునితో కలిసి ఇక్కడికి తీసుకొచ్చాడు. రమణుల దగ్గరకు వచ్చిన తొలి పాశ్చాత్య శిష్యుడు అతనే. లోకానికి నేను సాయం చేయగలనా అని అడిగితే, ముందు నీకు నువ్వు చేసుకో, లోకానికి చేసినట్టే అన్నారు. సిద్ధుల గురించి అడిగినప్పుడు వాటి వైపు చూపు పోనివ్వద్దన్నారు. అన్నీ పట్టపగలు, అందరి ముందే. పరాయి దేశపు పోలీసు అధికారికి కూడా దాచిన మాట లేదు. అడయార్‌లో సుబ్బారావు గారు నోరు కట్టుకున్న విషయాలకూ దీనికీ మధ్య గట్టిగా పాతికేళ్లే.

మధ్యాహ్నం ఆశ్రమం పాత హాల్లో కూర్చున్నాం. రమణులు పడుకునే సోఫా, దాని మీద ఆయన పటం. సూరి నాగమ్మ గారు ఇక్కడి సంగతులు తెలుగులో అన్నకు ఉత్తరాలుగా రాసిన హాలు ఇదే. చలం 1950లో ఈ ఊరు వచ్చి, 1979లో పోయేదాకా ఇక్కడే ఉన్నారు. ప్రదక్షిణ 14 కిలోమీటర్లు. సాయంత్రం నేను ఒక్కణ్ణే నడిచాను.

ఆదివారం, మదనపల్లె

వెల్లూరు, చిత్తూరు, పలమనేరు, పుంగనూరు. బస్సులు మారుతూ మదనపల్లె చేరేసరికి పొద్దు వాలింది. ఊళ్లోకి వస్తుంటే టమాటా లారీల వరస.

1895 మేలో కృష్ణమూర్తి పుట్టింది ఈ ఊళ్లోనే. తల్లి సంజీవమ్మ అతనికి పదేళ్లప్పుడే పోయింది. బడి నుంచి వచ్చాక అమ్మ కనిపించేదని ఆ పిల్లాడు చెప్పేవాడు. నాకు ఈ ఊళ్లో తండ్రి గుర్తొచ్చాడు. కొడుకుల్ని తానే సమాజానికి అప్పగించి, తర్వాత బెదిరిపోయి, 1912లో అనిబిసెంట్ మీద మద్రాసులో దావా వేశాడు. హైకోర్టులో గెలిచాడు. 1914లో లండన్‌లోని ప్రివీ కౌన్సిల్‌లో ఓడిపోయాడు. పిల్లలు ఇంగ్లండ్‌లో ఉండిపోయారు. పెద్దవాడు తెలుగు మర్చిపోయాడు. జగద్గురువు తయారీకి ఒక ఇల్లు చెల్లించిన ఖరీదు ఇది. అడయార్ హాల్లో ఆ తండ్రికి కూడా ఒక చోటు ఉండాలి.

అదే అనిబిసెంట్ 1915లో ఇక్కడ కాలేజీ పెట్టించింది. 1919లో రవీంద్రుడు కొద్దిరోజులు అక్కడ ఉండి జనగణమనను ఇంగ్లీషులోకి మార్చారు. అత్తయ్య కాలేజీ గేటు దగ్గర ఆగి ఫొటో తీయమంది.

సోమవారం, ఋషివ్యాలీ

ముందుగా అనుమతి తీసుకోనిదే లోపలికి రానివ్వరు. అత్తయ్య దగ్గర చదువుకున్న అమ్మాయి ఇప్పుడు ఇక్కడ టీచరు. ఆమె మాకు అన్నీ చూపించింది. చుట్టూ బండరాళ్ల గుట్టలు, కరువు నేల మధ్యలో పచ్చటి లోయ. సాయంత్రం పిల్లలంతా ఒక చోట చేరి పొద్దు గుంకేదాకా మాట్లాడకుండా కూర్చుంటారు. అస్తాచల్ అంటారు దాన్ని. చెప్పులు విప్పి కూర్చున్న ఒక ఆరో తరగతి పిల్లాడు మొదట్లో గడ్డిపరకను మడతలు పెడుతూ ఉన్నాడు. మధ్యలో ఎప్పుడో అది చేతిలోంచి జారింది. మళ్లీ తీసుకోలేదు.

తర్వాత గది ముందు అరుగు మీద కూర్చున్నాం. అత్తయ్యకు కృష్ణమూర్తి మీద కోపం ఉంది. "ఏరు దాటి తెప్ప తగలేసినట్టు చేశాడమ్మా ఆయన. చిన్నప్పటి నుంచి సాధనలు చేయించారు, గురువులు వెంట ఉన్నారు. తాను దాటాక ఎవరికీ తెప్ప అక్కర్లేదన్నాడు. ఈదలేని మాలాంటి వాళ్లం ఏం కావాలి?"

నేనన్నాను, "దాటాక తగలేయలేదు అత్తయ్యా. తమ్ముణ్ణి ముంచింది ఆ తెప్పే అనుకున్నాడు. అందుకే నది మధ్యలోనే వదిలేశాడు."

"అప్పుడు ఈ బడి ఎందుకు పెట్టాడు మరి? ఇది తెప్ప కాదా?"

ఆ టీచరమ్మాయి నెమ్మదిగా అంది, "చిన్న తరగతుల్లో మేం పరీక్షలు పెట్టం టీచర్. ర్యాంకులు ఇవ్వం. ఒకణ్ణి ఇంకొకడితో పోల్చకూడదు అన్నది ఇక్కడ అన్నిటికంటే పెద్ద పట్టింపు. ఆయన పదేపదే చెప్పింది అదే."

జీవితమంతా మార్కులు వేసిన మనిషి అత్తయ్య. ఊరుకుంటుందా? "మరి పిల్లాడు ఎదుగుతున్నాడని ఎలా తెలుస్తుంది?"

"పక్కన కూర్చుని చూడాలి టీచర్. ఏడాదంతా. చూసింది రాసి ఇంటికి పంపుతాం. అంకెలు మాత్రం ఉండవు."

"పదో తరగతికి వచ్చేసరికి బోర్డు పరీక్ష రాయాల్సిందేగా?"

"రాయాల్సిందే. ఆ ఏడాది పిల్లలకీ టెన్షనే, మాకూ టెన్షనే."

అత్తయ్య ఆ జవాబును మెచ్చుకుంది. ఆ తర్వాత అరగంట సేపు ఏ పిల్లాడి గురించి ఏం రాస్తారు, మొండిపిల్లల గురించి ఎలా రాస్తారు అని వివరాలన్నీ అడిగి తెలుసుకుంది. నేను పక్కన విన్నాను.

మంగళవారం

పొద్దున్నే తిరుపతి బస్సు ఎక్కాం. వాయల్పాడు దాటాక అత్తయ్య తనంతట తానే అంది, "ఆరింటి ప్రార్థనలో నేను ఎంత ముందుకెళ్లానో ఇన్నేళ్లలో ఎవరినీ అడగలేదురా. అడగాలని కూడా తోచలేదు. ఎవరైనా చెప్పబోయినా విని ఉండేదాన్ని కాదు."

నాకు అడయార్‌లో అభ్యంతరం అదొక్కటేనని చెప్పాను. మెట్లు ఏడో నాలుగో ఉండనీ, నువ్వు ఫలానా మెట్టు మీద ఉన్నావని ఇంకొకరు రాసిచ్చే కాగితం మీదే నా పేచీ అన్నాను. దానికి ఆమె ఒప్పుకుంది. తెప్ప సంగతి మాత్రం ఒప్పుకోలేదు. పీలేరు దాటి, భాకరాపేట ఘాట్ దిగేదాకా దాని మీదే వాదించుకున్నాం.